కాగితంపై లేని పేరు

పార్లమెంటు సమావేశాలు లేని వారాలలోనే ఢిల్లీ విలేఖరికి దేశం కొంత కనిపిస్తుంది. అటువంటి ఒక వారంలో జంషెడ్‌పూర్ వెళ్ళాను. ఉక్కు కర్మాగారంతో పాటు పుట్టి పెరిగిన ఆ పట్టణంలో తెలుగువారు తరతరాలుగా ఉన్నారు. శ్రీకాకుళం, విశాఖపట్నం ప్రాంతాల నుంచి పనికోసం రైలెక్కి వచ్చినవారి మనుమలు, మునిమనుమలు ఇంట తెలుగు, వీధిలో హిందీ మాట్లాడుతూ అక్కడే స్థిరపడిపోయారు. బిష్టుపూర్‌లోని ఆంధ్ర భక్త శ్రీరామ మందిరం వారికి రచ్చబండ వంటిది. ఒక సాయంకాలం ఆ మందిరం వద్ద కూర్చొని ఉండగా ఒక పెద్దాయన నన్ను వెదుక్కొంటూ వచ్చి, చేతిసంచిలో నుంచి కాగితాల కట్ట తీసి నా ఒడిలో పెట్టారు. ఢిల్లీలో ఉండేవాడిని గనుక చట్టాలు తయారయ్యే చోటు నాకు తెలిసి ఉంటుందని ఆయన నమ్మకం.

కథ క్లుప్తంగా ఇది. 1970ల చివర, కర్మాగారంలో ఉద్యోగం చేస్తున్న రోజులలో, ఆయన సువర్ణరేఖ నదికి ఆవల కొద్దిపాటి నేల కొన్నారు. అమ్మినది ఒక ఆదివాసీ రైతు. రిజిస్ట్రేషను జరగలేదు. మన ప్రాంతంలో సాదా బైనామా అంటామే, అటువంటిదే. హిందీలో వ్రాసిన ఒక కాగితం, దాని అడుగున నల్లని బొటనవేలి ముద్ర. ఆ నేలలో ఇల్లు లేచింది. ఆ ఇంట పిల్లల పెళ్ళిళ్ళు జరిగాయి. అమ్మిన రైతు గతించిన చాలాకాలానికి అతని మనుమడు భూమి తమకు తిరిగి ఇప్పించవలసిందని దరఖాస్తు పెట్టాడు. కాగితం మీద ఉన్నది తన తాత ముద్ర కానే కాదన్నాడు. మన పెద్దాయన పట్టుబట్టి నిపుణుడి పరీక్ష కోరారు. ఆ తాత ఒకప్పుడు కూలిపని చేసిన చోట జీతాల రిజిస్టరులో వేసిన ముద్ర దొరికింది. రెండు ముద్రలూ ఒకే వేలివని నిపుణుడు తేల్చాడు. ఆ రోజు పెద్దాయన గుడిలో కొబ్బరికాయ కొట్టారు. తుది ఉత్తర్వు మాత్రం మనుమడికి అనుకూలంగా వచ్చింది.

చట్టరీత్యా ఇందులో వింత ఏమీ లేదు. 1908 నాటి ఛోటానాగపూర్ కౌలుదారీ చట్టం 46వ సెక్షను ఆదివాసీ రైతు భూమిని ఆదివాసేతరుడికి అమ్మడాన్ని నిషేధిస్తున్నది. మోసంతోనో, చట్టానికి విరుద్ధంగానో చేతులు మారిన భూమిని తిరిగి ఇప్పించే అధికారాన్ని 1969 నాటి రెగ్యులేషను 71-ఏ సెక్షనుగా ఆ చట్టంలో చేర్చింది. మన ఏజెన్సీ ప్రాంతాల వన్ ఆఫ్ సెవెంటీ ఎరిగినవారికి ఈ సంగతి విడమరచి చెప్పనక్కరలేదు. అయితే పెద్దాయన అడిగినది సెక్షన్ల గురించి కాదు. శాస్త్రం నిజమని తేల్చిన కాగితం న్యాయం ముందు ఎందుకు నిలబడలేదని ఆయన అడిగారు. ఆ ప్రశ్నకు అప్పటికప్పుడు నా వద్ద సమాధానం లేదు. తిరుగు ప్రయాణంలో దానినే తలపోస్తూ ఉంటే, ఇదే బీహారు నేలలో, మోతీహారిలో ఖననమైన ఒక పోలీసు అధికారి జీవితం గుర్తుకు వచ్చింది. ఆయన పేరు ఖాన్ బహదూర్ కాజీ అజీజుల్ హక్. వేలిముద్రను ప్రపంచ న్యాయస్థానాలకు సాక్షిగా నిలబెట్టిన వారిలో ఆయన అగ్రగణ్యుడు.

హక్ కథకు ముందు మరొక చిన్న కథ ఉంది. 1858లో బెంగాలులోని జంగీపూర్‌లో విలియం హెర్షెల్ అనే యువ ఆంగ్లేయ అధికారి రోడ్డు పనికి కంకర సరఫరా చేయడానికి రాజ్యధర్ కొనాయి అనే గుత్తేదారుతో ఒప్పందం చేసుకొన్నారు. రేపు ఆ సంతకం తనది కాదంటాడేమోనన్న అనుమానంతో అతని అరచేతికి సిరా పూసి ఒప్పందం వెనుక ముద్ర వేయించారు. తరువాత 1860 ప్రాంతంలో నదియా జిల్లాలో నీలిమందు రైతుల తిరుగుబాటు నడుస్తుండగా, తోటల యజమానులు, రైతులు కోర్టులకు తెచ్చిన కౌలు పత్రాలలో కూట పత్రాలు ఎన్ని ఉన్నవో హెర్షెల్ కళ్ళారా చూశారు. అటువంటి పత్రాలన్నిటిపైనా వేలిముద్రలు వేయించాలని ఆయన సూచిస్తే ప్రభుత్వం పెడచెవిన పెట్టింది. 1877లో హుగ్లీ జిల్లా మేజిస్ట్రేటుగా ఆయన తన అధికార పరిధిలో దస్తావేజుల రిజిస్ట్రేషనుకు, పింఛన్ల చెల్లింపుకు వేలిముద్రలు అమలు చేశారు. ఈ విద్య పుట్టుక హత్యల దర్యాప్తులో కాదు; ఆస్తి పత్రాల తగాదాలో.

హక్ 1872లో ఖుల్నా ప్రాంతంలోని పైగ్రామ్ కస్బాలో జన్మించారు. భారత సాక్ష్య చట్టం వచ్చినదీ అదే సంవత్సరం. ఆ చట్టం 45వ సెక్షను విదేశీ న్యాయం, శాస్త్రం, కళ, చేతివ్రాత విషయాలలో మాత్రమే నిపుణుల అభిప్రాయాన్ని అనుమతించింది. వేలిముద్ర ఊసు అందులో లేదు. తల్లిదండ్రులు పడవ ప్రమాదంలో మరణించగా, అన్న చేతి దెబ్బలకు అలిగి ఆయన చిన్నతనంలోనే కలకత్తా చేరుకొన్నారని, అక్కడ ఒక కుటుంబం చేరదీసి చదువు చెప్పించిందని ఆయన వారసులు చెప్పుకొనే కథ. ప్రెసిడెన్సీ కళాశాలలో గణితంలో ఆయన ప్రతిభ గురువుల దృష్టిలో పడింది. బెంగాలు పోలీసు ఇన్‌స్పెక్టర్ జనరల్ ఎడ్వర్డ్ హెన్రీకి లెక్కలు బాగా తెలిసిన యువకుడు కావలసి వచ్చినప్పుడు కళాశాల హక్ పేరు సిఫారసు చేసింది. ఆయన సబ్ ఇన్‌స్పెక్టరుగా చేరారు.

ఆ రోజులలో పోలీసులు నేరస్థులను గుర్తించడానికి ఫ్రాన్సుకు చెందిన బెర్టిలాన్ పద్ధతిని అనుసరించేవారు. తల పొడవు, చెయ్యి పొడవు, పాదం పొడవు కొలిచి చీటీలపై వ్రాసుకోవడమే ఆ పద్ధతి. కొలిచేవాడి చెయ్యి వణికితే మనిషే మారిపోయేవాడు. ఇద్దరి వేలిముద్రలు ఒకటిగా ఉండవని, అవి జీవితాంతం మారవని ఫ్రాన్సిస్ గాల్టన్ 1892లో గ్రంథం ప్రచురించారు. కాని అసలు చిక్కు వేరే ఉన్నది. వేల చీటీలు పోగైన తరువాత, ఒక కొత్త ముద్ర వస్తే దానికి సరిపోయే పాత ముద్రను వెదికి తీయడం ఎలా? పేరు అబద్ధం చెప్పవచ్చు. చీటీని పేరు వరుసలో పెట్టి ప్రయోజనం లేదు. గాల్టన్ వర్గీకరణ కొద్ది చీటీలకు పనికివచ్చింది గాని పెద్ద కార్యాలయానికి చాలలేదు.

ఈ చిక్కును గణితంతో విప్పినవారు హక్. ఆలోచన వింటే ఎంత సులువో అనిపిస్తుంది. ప్రతి వేలి కొనపైనా సుడి ఉంటుంది, లేదా ఉండదు. పది వేళ్ళకు రెండేసి అవకాశాల చొప్పున మొత్తం 1,024 కలయికలు వస్తాయి. వేళ్ళను ఐదు జంటలుగా విడదీసి, వరుసగా 16, 8, 4, 2, 1 విలువలు ఇచ్చారు. సుడి ఉన్న వేలికే విలువ. ప్రతి జంటలోని మొదటి వేళ్ళ విలువలు ఒకచోట, రెండవ వేళ్ళ విలువలు మరొకచోట కూడి, రెండిటికీ ఒక్కొక్కటి కలిపితే రెండు అంకెలు వస్తాయి. గోడ వెంబడి 32 అడ్డు వరుసలు, 32 నిలువు వరుసలుగా అమర్చిన అరలలో ఏ అరలో చీటీ ఉన్నదో ఆ రెండు అంకెలే చెబుతాయి. సుడులూ మెలికలూ కళ్ళతో చూసి లెక్క కట్టగల గుమాస్తా ఎవరైనా లక్ష చీటీలలో నుంచి కొద్దిసేపట్లో కావలసిన చీటీని తీయగలడు. హక్ సహచరుడు హేమచంద్ర బోస్ ఈ పద్ధతిని ఉపవర్గాలతో మరింత విస్తరింపజేసి, ముద్ర వివరాలను తంతి ద్వారా పంపగల సంకేతాలను కూడా రూపొందించారు.

1897లో సర్వేయర్ జనరల్ స్ట్రాహన్, రసాయన శాస్త్రవేత్త పెడ్లర్ సభ్యులుగా ప్రభుత్వం నియమించిన సంఘం ఈ పద్ధతిని పరీక్షించి ఆమోదించింది. అదే సంవత్సరం జూన్‌లో అనుమతి లభించి, కలకత్తాలో ప్రపంచంలోనే మొదటి వేలిముద్రల కార్యాలయం వెలసింది. మరుసటి ఏడు దానికి తొలి పెద్ద పరీక్ష వచ్చింది. జల్పాయ్‌గురి జిల్లాలో ఒక తేయాకు తోట మేనేజరు హత్యకు గురయ్యాడు. పెట్టెలో డబ్బు పోయింది. పెట్టెలోని పంచాంగం నీలిరంగు అట్టపై గోధుమరంగు మరక కనిపించింది. ఆ మరకలోని ముద్ర కార్యాలయంలోని ఒక పాత నేరస్థుడి ముద్రతో సరిపోయింది. అతడు ఒకప్పుడు ఆ మేనేజరు వద్దనే పనిచేసినవాడు. న్యాయస్థానం అతన్ని దొంగతనానికి శిక్షించింది. హత్యానేరం నుంచి విడుదల చేసింది. పెట్టెలో చెయ్యి పెట్టాడని వేలిముద్ర చెబుతుంది గాని కత్తి పట్టాడని చెప్పదు గదా అన్నది ఆ నిర్ణయంలోని వివేకం. ఈ విద్య తొలి అడుగులోనే దాని హద్దు కూడా నిర్ణయమైపోయిందని ఇప్పుడు మనకు అర్థమవుతుంది.

1899లో 5వ చట్టం సాక్ష్య చట్టం 45వ సెక్షనులో వేలిముద్రలను చేర్చింది. తనతో పాటు పుట్టిన శాసనాన్ని ఇరవై ఏడేళ్ళ వయస్సులో హక్ మేధ ఆ విధంగా మార్చింది. శాసనసభ మెట్లెక్కకుండానే చట్టం మార్పించినవారు దేశ చరిత్రలో బహు కొద్దిమంది.

తరువాతి ఘట్టమే బాధాకరం. హెన్రీ 1900లో వేలిముద్రల వర్గీకరణపై గ్రంథం ప్రచురించారు. 1901లో లండన్ స్కాట్‌లండ్ యార్డుకు వెళ్ళి అక్కడ వేలిముద్రల విభాగం నెలకొల్పారు, 1903లో పోలీసు కమిషనరు అయ్యారు, బిరుదులు వచ్చాయి. ప్రపంచమంతటా ఈ పద్ధతికి హెన్రీ పద్ధతి అన్న పేరు స్థిరపడింది. ఆయన రైలులో వెళుతూ ఉండగా హఠాత్తుగా ఈ ఆలోచన తట్టి, చొక్కా చేతి మడతపై వ్రాసుకొన్నారన్న కథ కూడా ప్రచారమైంది. ఆ గ్రంథంలో హక్ పేరు లేదు, బోస్ పేరూ లేదు. భూమి కాజేయడానికి కూట సంతకం కావాలి. కీర్తి కాజేయడానికి అదైనా అక్కరలేదు. ఒక పేరు వ్రాయకుండా ఊరుకొంటే సరిపోతుంది. లేని పేరును ఏ నిపుణుడూ భూతద్దంతో పరీక్షించలేడు.

1912లో బీహారు-ఒరిస్సా వేరే రాష్ట్రంగా ఏర్పడినప్పుడు హక్ ఆ రాష్ట్ర పోలీసు సర్వీసుకు వెళ్ళారు. నేటి జంషెడ్‌పూర్ అప్పుడు అదే రాష్ట్రంలోని సాక్చి. 1919లో గాని దానికి జంషెట్జీ టాటా పేరు రాలేదు. 1913లో హక్‌కు ఖాన్ సాహెబ్, 1924లో ఖాన్ బహదూర్ బిరుదులు లభించాయి. తన కృషికి తగిన గుర్తింపు కోసం ఆయన ప్రభుత్వానికి విన్నవించుకొన్నారు. అంటే, ఆస్తి హక్కు కోసం జనం కచేరీల చుట్టూ తిరిగినట్లే, తన మేధస్సుపై తనకు గల హక్కు కోసం ఆ వృద్ధ అధికారి అర్జీలు పెట్టుకోవలసి వచ్చింది. రాష్ట్ర ప్రభుత్వం సిఫారసు చేసింది. చివరకు సాక్ష్యం వచ్చినది ప్రయోగశాల నుంచి కాదు. అప్పటికి విశ్రాంత జీవితం గడుపుతున్న హెన్రీయే 1926లో ఇండియా ఆఫీసుకు లేఖ వ్రాస్తూ, ఆ వర్గీకరణను తీర్చిదిద్దడంలో తన సిబ్బందిలో అందరికంటె ఎక్కువ తోడ్పడినవారు హక్ అని ఒప్పుకొన్నారు. ఐదు వేల రూపాయల పారితోషికం లభించింది. ఆలస్యంగానైనా ఒక మనిషి నోరు విప్పబట్టి ఆ దస్త్రం పూర్తయింది. హెన్రీ 1931లోను, హక్ 1935లో మోతీహారిలోను కన్నుమూశారు. ఇంగ్లండులోని వేలిముద్రల నిపుణుల సంఘం తరువాతి కాలంలో హక్, బోస్‌ల పేర ఒక పురస్కారాన్ని నెలకొల్పింది.

హక్ చివరి మజిలీ మోతీహారి కావడంలో నాకొక అర్థం తోస్తుంది. అది అప్పటి చంపారన్ జిల్లా ముఖ్యపట్టణం. కృత్రిమ నీలిమందు వచ్చి గిరాకీ పడిపోయినప్పుడు, అక్కడి తోటల దొరలు నీలిసాగు నిర్బంధం నుంచి విడుదల చేస్తామన్న పేరుతో రైతుల చేత శిస్తు పెంపు ఒప్పందాలు వ్రాయించుకొన్నారు. వాటిని శరాబేషీ పత్రాలనేవారు. అవి రిజిస్టరైన పత్రాలే. ముద్రలు ఆ రైతులవే. ఏ నిపుణుడు పరీక్షించినా నిజమైనవనే చెప్పి ఉండేవాడు. 1917లో గాంధీజీ మోతీహారికి వచ్చి, అనుచరులతో కలిసి వేలాది రైతుల వాంగ్మూలాలు వ్రాయించారు. చదువురాని రైతులు ఆ వాంగ్మూలాల కింద కూడా అదే బొటనవేలు ఒత్తారు. ఒక ముద్ర భయంతో వేసినది, మరొకటి భయం విడిచి వేసినది. గీతలను చూస్తే రెండూ ఒకటే. ఆ రెండిటి తేడాను తెలుసుకొనడానికి రైతును కూర్చోబెట్టి అడగవలసి వచ్చింది. 1918 నాటి చంపారన్ వ్యవసాయ చట్టం తీన్‌కఠియా పద్ధతిని రద్దు చేసి, ఆ పెంచిన శిస్తులను తగ్గించింది.

నిపుణుడి మాట ఎంతవరకు చెల్లుతుందన్న విషయాన్ని స్వతంత్ర భారతంలో విశదంగా చెప్పినవారిలో ఒక తెలుగు న్యాయమూర్తి ఉన్నారు. ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో పనిచేసి 1978లో సుప్రీంకోర్టుకు వచ్చిన జస్టిస్ ఓ. చిన్నప్పరెడ్డి, 1980లో మురారీలాల్ కేసు తీర్పు వ్రాస్తూ, నిపుణుడిని నేరంలో భాగస్వామిని చూసినట్లు అనుమానంతో చూడనక్కరలేదని, అయితే అతని అభిప్రాయానికి గల కారణాలను జాగ్రత్తగా పరిశీలించాలని వివరించారు. వేలిముద్రల శాస్త్రం దాదాపు పరిపూర్ణత పొందినదని, చేతివ్రాత శాస్త్రం అంతటి స్థాయికి చేరలేదని కూడా ఆయన గుర్తించారు. నిపుణుడు చెప్పేది అభిప్రాయం. తీర్పు చెప్పవలసినది న్యాయమూర్తే.

పార్లమెంటు ఈ విద్యపై తన విశ్వాసాన్ని పలుమార్లు ప్రకటించింది. 2001లో రిజిస్ట్రేషను చట్టంలో 32-ఏ సెక్షను చేర్చి, స్థిరాస్తి బదిలీ పత్రాలపై కొనేవారు, అమ్మేవారు ఇరువురి ఫొటోలు, వేలిముద్రలు తప్పనిసరి చేసింది. నేను పత్రికా విలేఖరుల గ్యాలరీలో కూర్చొంటున్న కాలంలోనే ఆ సవరణ వచ్చింది. నా కలం నుంచి దానిపై ఒక్క పంక్తి వెలువడలేదని ఇప్పుడు సిగ్గుపడుతున్నాను. 2023 డిసెంబరులో, ఉభయసభలలో కలిపి 146 మంది ప్రతిపక్ష సభ్యులు సస్పెండైన ఆ సమావేశంలోనే, 1872 నాటి సాక్ష్య చట్టం స్థానంలో భారతీయ సాక్ష్య అధినియమం ఆమోదం పొందింది. 2024 జూలై 1 నుంచి పాత 45వ సెక్షను పని 39వ సెక్షను చేస్తున్నది. హక్‌తో పాటు పుట్టిన చట్టం ఆయన తరువాత ఎనభై తొమ్మిదేళ్ళు బ్రతికి సెలవు తీసుకొన్నది.

ఈలోగా మోసం కూడా చదువు నేర్చుకొన్నది. రిజిస్ట్రేషను దస్తావేజుల ప్రతులు ఇంటర్నెట్‌లో అందుబాటులోకి రాగానే, వాటిపైని వేలిముద్రలను రబ్బరుపై అచ్చు తీసి సిమ్ కార్డులు పొందిన వైనాన్ని 2018లో హైదరాబాదులోను, బ్యాంకు ఖాతాల నుంచి డబ్బు తీసిన వైనాన్ని 2022లో సైబరాబాదులోను పోలీసులు బయటపెట్టారు. ఆస్తికి కాపలాగా పెట్టిన ముద్రనే ఆస్తి కాగితం మీద నుంచి దొంగిలించారు. హెర్షెల్‌కు, హక్‌కు ఈ ఊహ వచ్చి ఉండదు. కూట దస్తావేజును పట్టుకొనడంలో ఇప్పటికీ నిపుణుడికి తిరుగు లేదు. కాగితం పుట్టుక, ముద్రణ తీరు ఆయన చెప్పగలడు. 1930ల నాటిదని చెప్పే పత్రంలో పిన్‌కోడు కనిపిస్తే, పిన్‌కోడు 1972 ఆగస్టు 15న గాని రాలేదు గనుక, ఆ పత్రం తనను తానే పట్టిస్తుంది. కాని ఇవన్నీ కాగితం మీద ఉన్నవాటికి సంబంధించిన సంగతులు.

ఢిల్లీ చేరిన తరువాత జంషెడ్‌పూర్ పెద్దాయనకు ఫోను చేశాను. నిపుణుడు అబద్ధం చెప్పలేదని, ఆ ముద్ర ఆ తాతదేనని, కాని ఆ కాగితం అమ్మకపు పత్రమని ఆ తాతకు ఎవరైనా చదివి వినిపించారా అన్నది ముద్రలో కనిపించదని చెప్పాను. కౌలుకో, అప్పుకో అనుకొని వేలు వేశాడని మనుమడు చెబుతున్నాడు గదా అని గుర్తు చేశాను. వేలు వేసినవాడి మనసు నిపుణుడికి అందదు గనుకనే, అటువంటి భూమిని అమ్మకానికే అందకుండా చట్టం కంచె వేసిందన్నాను. తన ప్రావిడెంట్ ఫండు సొమ్ము కూడా నిజమేనని ఆయన అన్నారు. ఆ మాట కూడా కాదనలేకపోయాను.

ఆ కాగితం హిందీలో వ్రాసినవాడు ఎవరని అడిగాను. ఇరుపక్షాలనూ కలిపి, ఇద్దరి వద్దా కమిషను పుచ్చుకొన్న మధ్యవర్తి అట. సాక్షిగానైనా అతను సంతకం చేయలేదు, వేలిముద్ర వేయలేదు. రైతు నేల పోగొట్టుకొన్నాడు, కార్మికుడు ఇల్లు పోగొట్టుకొంటున్నాడు. మధ్యవర్తి ఆ దస్త్రంలో ఎక్కడా లేడు. హెన్రీ గ్రంథంలో ఉండవలసిన పేరు లేకపోవడం వల్ల ఒక మేధావి నష్టపోయాడు. ఈ కాగితంలో ఉండవలసిన పేరు లేకపోవడం వల్ల ఒక మోసగాడు బాగుపడ్డాడు.

అతని పేరు గుర్తున్నదా అని అడిగాను. పెద్దాయన క్షణం కూడా తడుముకోకుండా ఇంటిపేరుతో సహా చెప్పారు. నలభై ఏళ్ళు దాటినా ఆయన మరచిపోలేదు. ఈ దేశంలో ఏ కోర్టూ ఆ పేరు ఆయనను అడగలేదు.